పొద్దుపొడిచేదాకా ఆపిన తాబేళ్ళు

విశాఖపట్నం చుట్టుపక్కల మొత్తం మీద అబద్ధం ఎరుగని కెమెరా ఒక్కటే ఉంది. అది కూర్మన్నపాలెం నాగవంశీ చేతిలో ఉంది. కావాలంటే కాగితం మీద రాసిస్తాను. అడవి జంతువుల మీద, నీటి పక్షుల మీద సినిమాలు తీసే ఈ నాగవంశీ ఒకసారి కొండకర్ల ఆవ చెరువులో కొంగల కోసం మూడు రోజులు కదలకుండా నిలబడ్డాడు. నాలుగో రోజు ఒక కొంగ వచ్చి అతని తల మీద పుల్లలు పేర్చింది. ఐదో రోజు గుడ్లు పెట్టింది. పిల్లలు లేచి ఎగిరిపోయేదాకా మనవాడు తల దువ్వుకోలేదు. తుమ్ము వస్తే పక్కవాణ్ణి తుమ్మమన్నాడు. అంతటి నిష్ఠ!

నవ్వకండి. ఈ గొప్పల్లో కథ చివరికి ఎన్ని మిగులుతాయో మీరే చూద్దురుగాని. ముందు ఒక అన్నప్రాసనకు వెళ్ళొద్దాం.

ఆ ఆదివారం నాగవంశీ చెల్లెలు హరిచందన కూతురికి అన్నప్రాసన. ఈ అన్నాచెల్లెళ్ళ నాన్న శ్రీనివాసరావు గారు పాలకొల్లు దగ్గరి పల్లె నుంచి ముప్పై ఐదేళ్ళ కిందట స్టీల్ ప్లాంట్ ఉద్యోగానికి వచ్చి, రిటైరై, కూర్మన్నపాలెం జంక్షన్ దగ్గర రెండు గదుల ఫ్లాటు కొనుక్కున్న మనిషి. ఆ ఫ్లాటు హాల్లో వచ్చినవాళ్ళు నిలబడడానికి చోటు లేదు. సగం హాలు ఫోటోగ్రాఫర్ చందు లైట్లకే సరిపోయింది.

"ఆంటీ, సెయ్యి అక్కడే ఉంచండి. నోట్లో పెట్టీకండి. పాప ఇటు సూడాల," అంటున్నాడు చందు.

అమ్మమ్మ గంగాభవాని చేతిలో వెండి చెంచా, చెంచాలో పరమాన్నం, ఒళ్ళో ఆరు నెలల పాప. పాలు తాగితే పరమాన్నానికి మూతి తిప్పేస్తుందనీ, ఫోటో పాడవుతుందనీ ఎవరో పెద్దమనిషి సలహా ఇవ్వడంతో పొద్దున్నుంచి పిల్లకు పాలు కూడా ఆపారు. పాప చెంచా వైపు మూతి చాస్తోంది. చెంచా వెనక్కి వెళ్తోంది. పాప గుక్కపట్టి ఏడుస్తోంది. ఏడుపు మొహం ఫోటోలో బాగుండదు కనుక ఏడుపు ఆగేదాకా అందరూ ఆగుతున్నారు. ఆకలికి ఏడ్చే పిల్లకు అన్నం పెట్టకపోతే ఏడుపు ఎలా ఆగుతుందో ఆ హాల్లో ఉన్న నలభై మందిలో ఒక్కరికీ తోచలేదు.

మరి మన నాగవంశీ ఏం చేస్తున్నాడు? చందు పక్కన చేరి, "తమ్ముడూ, ఆ గొడుగు లైటు కొంచెం ఎడమకి తిప్పు. పాప మొహం మీద నీడ పడుతోంది," అని సాయం చేస్తున్నాడు.

చివరికి గంగాభవానికి ఒళ్ళు మండింది. "పిల్ల గొంతు ఎండిపోతుంటే మీ లైట్లేంట్రా, మీ మొహాలు మండ!" అంటూ చెంచా పాప నోట్లో పెట్టేసింది. పాప చప్పరించింది. ఏడుపు అక్కడితో సరి. ఫోటోలో మాత్రం గంగాభవాని మోచెయ్యి, పాప చెవి పడ్డాయి.

"రెండు నిమిషాలు ఆగితే సరిపోయేది కదమ్మా," అన్నాడు నాగవంశీ నొచ్చుకుంటూ.

ఈ మాట కొంగున ముడేసుకోండి. కొంగు లేనివాళ్ళు తువ్వాలుకు వేసుకోండి.

నాగవంశీ మొదట కెమెరా పట్టింది పెళ్ళిళ్ళలో. గాజువాక, అగనంపూడి కల్యాణ మండపాలన్నీ అతనికి కొట్టిన పిండి. "బావగారూ, తాళి ఒక్కసారి మళ్ళీ పట్టుకోండి," "పెద్దమ్మా, అక్షింతలు ఇంకోసారి," ఇదే పని. ఒక పెళ్ళిలో అప్పగింతలప్పుడు బ్యాటరీ అయిపోయి పెళ్ళికూతురి తల్లి ఏడుపు అందలేదు. "అమ్మా, ఏమనుకోకుండా మళ్ళీ ఏడవండి," అన్నాడు. ఆవిడ పాపం నిజంగానే మళ్ళీ ఏడ్చింది. ఆ రోజు ఇంటికి వచ్చి కెమెరా బల్ల మీద పెట్టి చాలాసేపు దాన్నే చూస్తూ కూర్చున్నాడు. జంతువులైతే ఎవరు చెప్పినా రెండోసారి ఏడవవు కదా అనిపించింది. అంతే, పెళ్ళిళ్ళు మానేశాడు.

స్టీల్ ప్లాంట్ టౌన్‌షిప్ పొదల్లో నక్కల్ని తీయడంతో మొదలుపెట్టాడు. "నక్కల్ని తీస్తే ఎవడు జీతమిస్తాడురా?" అని శ్రీనివాసరావు గారు రెండేళ్ళు సరిగ్గా మాట్లాడలేదు. తర్వాత ఆరేళ్ళు పెద్ద పెద్ద కెమెరామెన్ల సంచులు మోసుకుంటూ అస్సాం వానల్లో జలగలకు రక్తం ధారపోశాడు. కొండకర్లలో కొంగ తల మీద గూడు కట్టిందన్నాను చూశారూ, అదీ ఆ రోజుల్లోదే. గూడు కట్టలేదు. మూడు రోజులు నిలబడ్డ మాట నిజం, కొంగ వచ్చిన మాటా నిజం. తల మీద రెట్ట వేసి పోయింది, అంతే. గూడు దాకా తీసుకెళ్ళింది నేను. కొంగకు లేని ఓపిక నాకుంది మరి.

అతనికి పేరు తెచ్చింది మాత్రం సముద్రం. నాలుగేళ్ళ కిందట అప్పికొండ అవతల ఒక జాలరిపల్లె ఒడ్డున తాబేళ్ళ మీద చిన్న సినిమా తీశాడు. చలికాలం వచ్చేసరికి తల్లి తాబేళ్ళు ఒడ్డుకు చేరి, ఇసుక తవ్వి గుడ్లు పెట్టి పోతాయి. కుక్కలు తినెయ్యకుండా ఆ పల్లెవాళ్ళు గుడ్లు ఏరి, వలతో కంచె కట్టిన ఇసుక మడిలో పాతి, యాభై రోజులు కాపలా కాస్తారు. ఆ కాపలాదారు దాలయ్య. అరవై దాటినవాడు. తాబేలు వలలో పడితే కూర్మస్వామి అని పసుపు కుంకుమ పెట్టి వదిలేసే వంశం అతనిది.

ఆ సినిమాలో చివరి ఘట్టం గొప్పది. పొద్దుపొడుపు వెలుతురు ఇసుక మీద బెల్లం పాకంలా పరుచుకుని ఉంటుంది. అరచేతిలో సగం లేని తాబేలు పిల్లలు ఒక అడుగు వేసి, ఆగి, మళ్ళీ ఇంకో అడుగు వేస్తూ నీళ్ళ వైపు వెళ్తాయి. ఆ నెమ్మది చూసి జనం కళ్ళు తుడుచుకున్నారు. బళ్ళలో పిల్లలకు వేసి చూపించారు. బహుమతులు వచ్చాయి. ఇప్పుడు ఒక విదేశీ చానల్ వాళ్ళు అదే ఘట్టం పెద్ద కెమెరాతో మళ్ళీ తీసి, దాన్ని చివర పెట్టి గంట సినిమా చేసిమ్మన్నారు. ఆ పొద్దుపొడుపు కుదిరితేనే సినిమా. లేకపోతే లేదు. సంచులు మోసిన రోజుల నుంచీ నాగవంశీ ఎదురుచూసిన పిలుపు అది.

అన్నప్రాసన అయిన మూడో రోజు, ముందు చోటు చూసి వద్దామని కబురు పెట్టకుండానే పల్లెకు బయలుదేరాడు. వెంట ఆస్రా. విశాఖ పాత ఊళ్ళో అత్తరు దుకాణం వాళ్ళ అమ్మాయి. ఆ ఇంట్లో అందరికీ ముక్కు పదును, ఈ పిల్లకు మాత్రం చెవి పదును. సినిమాలకు శబ్దం పట్టడం ఆమె పని.

వాళ్ళు వెళ్ళేసరికి పొద్దున్న ఎనిమిదిన్నర. ఒడ్డున రెండు స్కూలు బస్సులు, షామియానా, కుర్చీలు. పెద్ద బ్యానరు కట్టారు. బ్యానరు మీద నాగవంశీ సినిమాలోని బొమ్మే, దాని కింద "పొద్దుపొడుపు తాబేళ్ళ పండుగ" అని అక్షరాలు. ఊరి యువజన సంఘం నాయకుడు పోలిరాజు మైకు పట్టుకుని అరుస్తున్నాడు.

"ఒచ్చెత్తన్నారు, ఒచ్చెత్తన్నారు! ముఖ్య అతిథి గారు గాజువాక దాటీసారు! పిల్లలూ, ఎవులూ కదలకండి!"

నాగవంశీని చూడగానే మైకు వదిలేసి పరిగెత్తుకొచ్చాడు. "ఓర్నాయనో, వంశీ బావ! సెప్పకుండా ఒచ్చీసావేటి! నీ సినిమా సూసే కదేటి మేం పండగ ఎట్టింది. మూడేళ్ళయింది బావా. మమ్మల్ని సూసి ఈ ఒడ్డు పొడుగునా సేనా ఊళ్ళు ఇలాగే సేత్తన్నాయి. పొద్దుపొడుపు అన్నాం గానీ, అతిథులు ఒచ్చేతలికి కొంచెం ఆలీసం అవతాది, అంతే."

నాగవంశీ ఛాతీ కొంచెం ఉబ్బింది. ఎవరికి ఉబ్బదు చెప్పండి? "తాబేలు పిల్లలేవీ?" అని అడిగాడు.

షామియానా వెనక మూడు నీలం టబ్బులు. పడవల్లో చేపలు వేసుకునేవి. మీద తడి గోనెలు కప్పారు. దాలయ్య గొంతుకూర్చుని గోనెల మీద నీళ్ళు చిలకరిస్తున్నాడు. ఎండ అప్పటికే చురుక్కుమంటోంది.

ఆస్రా మొదటి టబ్బు గోనె కింద మైకు పెట్టి హెడ్‌ఫోన్లు చెవులకు పెట్టుకుంది. "భయ్యా, ఇది విను," అని వాటిని అతనికిచ్చింది. ఎండుటాకుల మీద చినుకులు పడుతున్నట్టు గోకుడు. లోపలి పిల్లలు ప్లాస్టిక్కును గీరుతున్నాయి.

"ఇవి ఇసుకలోంచి ఎప్పుడు లేచాయి మావా?"

"తెల్లారగట్ల నాలుగింటికి బాబూ."

రెండో టబ్బు. అక్కడొకటి, అక్కడొకటి. మధ్యలో చాలాసేపు ఏమీ లేదు. అవి రాత్రి పన్నెండింటికి లేచినవట.

మూడో టబ్బు దగ్గర ఆస్రా మైకు పెట్టి, మొహం చిట్లించి, మీట తిప్పి శబ్దం పెంచింది. ఇంకా పెంచింది. మైకు పోయిందనుకుని తీగ ఊడదీసి మళ్ళీ పెట్టింది. తన వేలితో మైకును తట్టి చూసింది. మైకు బాగానే ఉంది.

ఆమె తలెత్తి నాగవంశీని చూసింది.

నాగవంశీ గోనె లాగేశాడు. ఒకదాని మీద ఒకటి, బొగ్గు ముక్కలు పోసినట్టు, కదలకుండా ఉన్నాయి. కొన్ని వెల్లకిలా పడ్డాయి.

"మావా! ఇవెప్పటివి?"

"నిన్న పొద్దుగూకీసేక ఏడింటికి లేసినాయి బాబూ," అన్నాడు దాలయ్య, నేల చూస్తూ.

"పదమూడు గంటలా? పుట్టిన పిల్ల ఒంట్లో సత్తువ ఎంతసేపు ఉంటుంది మావా? అది సముద్రంలో ఈదుకుపోవడానికే కదా! నీకు తెలీదా?"

"తెలీకేటి బాబూ. మా అయ్య కాలం కాడ్నుంచి సూత్తన్నాను. ఇసకలోంచి లెగిసిన పిల్ల ఉరుకుతాది. రేతిరే లెగుత్తాది, రేతిరే పోతాది. మడిసి ఎనకాల పరిగెట్టాల."

"మరెందుకు ఆపావు?"

దాలయ్య తలెత్తాడు. అతని మొహంలో తప్పు చేసినవాడి బెరుకు లేదు. చెప్పినట్టే చేసి మాట పడ్డవాడి అయోమయం ఉంది.

"నువ్వే కదా బాబూ ఎలుతురు కావాలన్నావు."

"నేనా!"

"నాలుగేళ్ళ కిందట. ఆరు రాత్తుర్లు కూకున్నావు. ఏడో నాడు నా పడవకి సేరబడి, 'మావా, ఒక్కపాలి పొద్దుపొడుపు ఎలుతుర్లో పోతే ఎంత బాగుణ్ణు' అన్నావు. మాకోసం పనిగట్టుకుని కెమెరా అట్టుకొచ్చినోడివి. నోరిడిసి ఒక్క కోరిక కోరినావు. నాను తీర్సలేనేటి అనుకున్నాను. ఆ రేతిరి పన్నెండింటికి లేసినాయి. నువ్వు పడుకున్నావు. టబ్బులో ఏసి పడవ కింద ఎట్టినాను. తెల్లారతంటే మళ్ళీ ఇసకలో పోసి, మీద ఇంత ఇసక సల్లి, నిన్ను లేపినాను. 'బాబూ, ఒస్తన్నాయి' అన్నాను. ఎంత సంబరపడినావు! నన్ను ఎత్తీసినావు కదేటి!"

నాగవంశీ ఇసుకలో కూలబడ్డాడు.

"ఉరుకుతాయన్నావు మావా. నా సినిమాలో మెల్లగా నడిచాయి కదా..."

"అలిసిపోనాయి బాబూ. రేతిరంతా టబ్బు గోకీసి, గోకీసి."

పాఠకులారా, ఒక్క క్షణం ఇక్కడ ఆగండి. జనం కళ్ళు తుడుచుకున్న ఆ నెమ్మది ఉంది చూశారూ, ఒక అడుగు వేసి, ఆగి, మళ్ళీ ఇంకో అడుగు, అది ఒళ్ళు హూనమైన పసిప్రాణాల నడక. దాన్ని అందమనుకున్నాం. బళ్ళలో పసివాళ్ళకు చూపించి చప్పట్లు కొట్టించాం. నాగవంశీకి ఆ రోజు అనుమానం రాలేదా అంటారా? వచ్చింది. చదువుకున్నవాడు, ఇవి ఎక్కువగా రాత్రే లేస్తాయని ఎరిగినవాడు. కెమెరాలో బొమ్మ బంగారంలా ఉంది కనుక నోరు మెదపలేదు. అడిగి ఉంటే దాలయ్య ఆ పూటే చెప్పేవాడు. అడగలేదు. అబద్ధం ఎరుగని కెమెరా అని మొదట్లో రాసిస్తానన్నానే, ఆ కాగితం ఇదుగో, చించేస్తున్నాను.

"వదిలెయ్యండి! ఇప్పుడే వదిలెయ్యండి!" అని అతను లేచాడు.

పోలిరాజు అడ్డం పడ్డాడు. "బావా, బావా! అతిథి గారు ప్లాంటు గేటు కాడున్నారు. ఇంతసేపు ఆగినాం. ఒక్క రెండు నిమిషాలు ఆగితే..."

రెండు నిమిషాలు. నాగవంశీ కళ్ళ ముందు పాప నోటి దగ్గర నుంచి వెనక్కి వెళ్ళిన వెండి చెంచా కనిపించింది. గొడుగు లైటు ఎడమకు తిప్పమన్న తన గొంతు తనకే వినిపించింది. పోలిరాజు చేతిలోంచి మైకు లాక్కున్నాడు.

"పిల్లలూ, ఆ బ్యానరు మీద బొమ్మ నేనే తీశాను. అది దొంగ బొమ్మ. ఆ తాబేలు పొద్దున్న పుట్టలేదు. రాత్రి పుట్టింది. నా కెమెరా కోసం దాన్ని తెల్లారేదాకా టబ్బులో పెట్టారు. అది మెల్లగా నడిచింది ముద్దుకి కాదు, ఒంట్లో సత్తువ లేక. ఆ సంగతి నాకు ఇవాళ తెలిసింది. ఆ రోజే తెలుసుకోవాల్సింది."

టీచరమ్మలు ఒకరి మొహాలు ఒకరు చూసుకున్నారు. "పరువు తీసీసావు గదా బావా," అన్నాడు పోలిరాజు నీరసంగా. అప్పుడు దాలయ్య లేచి, ఎవరి మాటకూ ఎదురుచూడకుండా మొదటి టబ్బు నెత్తినెత్తుకుని నీళ్ళ వైపు నడిచాడు.

అంతే, జనం ఫోన్లు తీసి వెంటపడ్డారు. నిమిషంలో టబ్బుకూ సముద్రానికీ మధ్య మనుషుల గోడ లేచింది. ఆస్రా గోడలోకి దూరి గొంతు చించుకుంది. "జరగండి! ఫోన్లు లోపల పెట్టండి! వాటికి దారి కావాలి, మీ మొహాలు కాదు!" నాగవంశీ తన కెమెరాకు మూత పెట్టి మెడలోంచి తీసి ఇసుకలో పడేశాడు. అది చూసి ఒక్కొక్కరే ఫోన్లు దించారు.

మొదటి టబ్బులోవి తడబడుతూ పోయాయి. రెండో టబ్బులో సగం పోయాయి. మూడో టబ్బులోవి దాలయ్య అలల అంచున పేర్చాడు. అల వచ్చింది, తడిపింది, పోయింది. మళ్ళీ వచ్చింది. అప్పుడు ఒకే ఒక్క పిల్ల ముందుకాలు కదిపింది. మెడ చాచింది. తర్వాతి అల దాన్ని ఎత్తుకుపోయింది. బడిపిల్లలు చప్పట్లు కొట్టారు. దాలయ్య "కూర్మసామీ" అని రెండు చేతులూ జోడించాడు.

ఆ మధ్యాహ్నమే నాగవంశీ చానల్ వాళ్ళకు ఫోన్ చేసి, పొద్దుపొడుపు ఘట్టం ఉండదన్నాడు. ఎందుకో చెప్పాడు. వాళ్ళు సానుభూతి చూపించి సినిమా ఇంకొకరికి ఇచ్చుకున్నారు. పాత సినిమా చూపించిన బళ్ళన్నిటికీ తానే ఉత్తరాలు రాశాడు. తిట్టినవాళ్ళు తిట్టారు. ఇంత చిన్నదానికి అంత రాద్ధాంతం దేనికన్నవాళ్ళే ఎక్కువ.

తర్వాత ఆస్రాతో కలిసి తొమ్మిది నిమిషాల సినిమా చేశాడు. అందులో బొమ్మ లేదు. నల్లని తెర. ఆ పొద్దున్న ఆస్రా పట్టిన మూడు టబ్బుల శబ్దం, వరసగా. చివరి మూడు నిమిషాలు ఏ శబ్దమూ లేదు. ఆ పల్లె బడిలోనే మొదటిసారి వేశారు. గంగాభవాని కూడా వెళ్ళింది, మనవరాలిని చంకనేసుకుని. అయ్యాక అందరికంటే ముందు ఆవిడే లేచింది.

"మొన్న మా ఇంట్లో ఫోటో కోసం ఈ పిల్ల నోటి దగ్గర చెంచా ఆపారు. ఇక్కడ సముద్రం దగ్గర ప్రాణాన్నే ఆపారు. రెండూ ఒకటేనండీ. బతికేదాన్ని ముందు బతకనివ్వండి. మనం చూసుకోవడం తర్వాత. కుదరకపోతే చూడకపోతే ఏం, కొంప మునిగిపోద్దా?"

ఇప్పుడు ఆ పల్లెలో పండుగ ఉంది, బ్యానరు లేదు. లేచిన పిల్లల్ని దాలయ్య, అవి లేచినప్పుడే, ఆ చీకట్లోనే, దీపం లేకుండా వదిలేస్తాడు. పొద్దున్న బడిపిల్లలు వస్తే పోలిరాజు వాళ్ళకు తడి ఇసుక మీద సన్నని గీతలు చూపిస్తాడు. పిల్లలు ఆ గీతల వెంట నీళ్ళ దాకా నడుస్తారు. గీతలు చాలా తిన్నగా, ఎక్కడా ఆగకుండా ఉంటాయి.

వెళ్ళేముందు ఒక సంగతి ఒప్పుకోవాలి. మూడో టబ్బులో ఒక్క పిల్ల కదిలిందన్నాను కదా. కదల్లేదు. ఒక్కటీ కదల్లేదు. అది నేను కల్పించాను. కథ అక్కడ మరీ చీకటిగా ఉందని, చదివేవాళ్ళు నొచ్చుకుంటారని, కొంచెం వెలుతురు కలిపాను. పడవ కింద టబ్బు పెట్టిన రాత్రి దాలయ్య అనుకున్నదీ ఇంచుమించు ఇదే. చూసేవాడి సంబరం కోసం ఉన్నదాన్ని ఆపడానికీ, మార్చడానికీ మనలో ఎవరికీ హక్కు లేదు. ఇంత వయసు వచ్చాక ఈ కథ చెబుతూనే నేనూ ఆ పని చేశాను. జరిగింది ఇది: అలలు పదిసార్లు తడిపినా ఏదీ లేవకపోతే, దాలయ్య వాటన్నిటినీ మళ్ళీ టబ్బులోకి ఏరి, కంచె పక్కన గొయ్యి తీసి పూడ్చాడు. చప్పట్లు ఎవరూ కొట్టలేదు.